మార్వెల్ సినిమాలు ఏ వరుసలో చూడాలి? ఇప్పుడే మొదలుపెట్టేవాళ్లకి

అవెంజర్స్ ఎండ్‌గేమ్ అదిరిపోయిందని పదిమంది చెబితే విని నేరుగా దాన్నే పెట్టుకున్నారనుకోండి, మొదటి అరగంటలోనే వీడెవడు, ఆవిడెవరు, అందరూ ఎందుకలా డీలా పడిపోయి ఉన్నారు అని పక్కవాళ్లని అడుగుతూ కూర్చోవాలి. పక్కవాళ్లు రెండుసార్లు చెబుతారు, మూడోసారి విసుక్కుంటారు. తప్పు మీదీ కాదు, వాళ్లదీ కాదు. 2008లో ఐరన్ మ్యాన్‌తో మొదలైన కథ 2019 ఏప్రిల్‌లో ఎండ్‌గేమ్ దాకా వచ్చేసరికి అది 22వ సినిమా. మధ్యలో దూరితే ఎవరికైనా అంతే.

సరే, మొదటినుంచి చూద్దామని వెతికితే రెండు రకాల లిస్టులు కనిపిస్తాయి. ఒకటి థియేటర్లలో వచ్చిన వరుస, అంటే రిలీజ్ ఆర్డర్. రెండోది కథ ఏ సంవత్సరంలో జరుగుతుందో దాన్నిబట్టి పేర్చింది, దాన్ని టైమ్‌లైన్ ఆర్డర్ అంటారు. ఏది పట్టుకోవాలో తెలియక చాలామంది అక్కడే ఆగిపోతారు. నా మాట ముందే చెప్పేస్తాను: మొదటిసారి చూస్తుంటే రిలీజ్ ఆర్డరే, అందులో సందేహం వద్దు. టైమ్‌లైన్ ఆర్డర్ రెండోసారి చూసేవాళ్ల సరదా. అయితే రిలీజ్ ఆర్డర్ అన్నాను కదా అని అన్నీ చూడక్కర్లేదు, కొన్ని వదిలేయొచ్చు, ఒకటీ అరా అటూ ఇటూ జరపొచ్చు.

ముందు ఎక్కడిదాకా వెళ్లాలో తేల్చుకోండి

లిస్టు రాయడం పైనుంచి మొదలుపెట్టకండి, కిందనుంచి మొదలుపెట్టండి. మీరు అసలు ఏ సినిమా చూడాలనుకుంటున్నారు? ఎండ్‌గేమా? స్పైడర్ మ్యాన్ నో వే హోమా? డెడ్‌పూల్ అండ్ వుల్వరినా? ఒక్కోదానికి ముందు చూడాల్సినవి వేరు. నో వే హోమ్ కోసం థోర్ సినిమాలన్నీ చూడటం దండగ, ఎండ్‌గేమ్ కోసం వుల్వరిన్ కథ లోగన్ చూడటమూ అంతే. ఆ చివరి సినిమా పేరు ఫోన్ నోట్స్‌లో అడుగున రాసుకుని, అందులో ముఖ్యమైన పాత్రలు ఎవరో చూసుకుని, వాళ్ల సొంత కథ ఏ సినిమాలో ఉందో పైకి పేర్చుకుంటూ రండి. అదే మీ లిస్టు.

ఎక్కువమంది గురి ఎండ్‌గేమే కాబట్టి ఎక్కువసేపు దాని గురించే చెబుతాను.

టైమ్‌లైన్ ఆర్డర్ మొదటిసారి ఎందుకు వద్దంటున్నానంటే

వినడానికి బాగానే ఉంటుంది. కథ ఎప్పుడు మొదలైందో అక్కడినుంచే చూస్తే అంతా సాఫీగా అర్థమవుతుంది కదా అనిపిస్తుంది. ఆ లెక్కన మొదట రెండో ప్రపంచ యుద్ధం నాటి కెప్టెన్ అమెరికా ఫస్ట్ అవెంజర్ చూడాలి, తర్వాత 1995లో జరిగే కెప్టెన్ మార్వెల్, ఆ తర్వాతే ఐరన్ మ్యాన్.

గొడవ రెండో సినిమాతోనే మొదలవుతుంది. కెప్టెన్ మార్వెల్ థియేటర్లకి వచ్చింది 2019 మార్చిలో, ఎండ్‌గేమ్‌కి ముందు భాగమైన అవెంజర్స్ ఇన్ఫినిటీ వార్‌కీ ఎండ్‌గేమ్‌కీ మధ్య. అప్పటికి అందరూ ఇన్ఫినిటీ వార్ చూసేశారన్న ధైర్యంతో తీశారు. దాని క్రెడిట్స్ మధ్యలో ఒక సీన్ ఉంటుంది, అది చూస్తే ఇన్ఫినిటీ వార్ ఎలా ముగిసిందో తెలిసిపోతుంది. మీరింకా ఐరన్ మ్యాన్ ఎవరో కూడా చూడలేదు, ఇంకో పదిహేనుకి పైగా సినిమాల తర్వాత రావాల్సిన క్లైమాక్స్ అప్పుడే చేతిలో పెట్టేసినట్టు. పైగా అందులో అవెంజర్స్‌ని కూడగట్టే నిక్ ఫ్యూరీ కన్ను సంగతి ఒకటుంది. కెప్టెన్ అమెరికా రెండో సినిమా వింటర్ సోల్జర్‌లో ఆయన ఆ పోయిన కన్ను గురించి ఎంత గంభీరంగా మాట్లాడతాడో ముందు విని ఉంటేనే, అది నిజంగా ఎలా పోయిందో తెలిసినప్పుడు పడీపడీ నవ్వుతారు. వరుస తిరగేస్తే జోక్ కూడా తిరగబడి చచ్చిపోతుంది.

బ్లాక్ విడోదీ ఇదే కథ. కథ ప్రకారం అది కెప్టెన్ అమెరికా మూడో సినిమా సివిల్ వార్ అయిన వెంటనే జరుగుతుంది కాబట్టి టైమ్‌లైన్ లిస్టుల్లో అక్కడే పెడతారు. కానీ వచ్చింది 2021లో, ఎండ్‌గేమ్ తర్వాత రెండేళ్లకి. చివరి సీన్‌లో ఎండ్‌గేమ్‌లో జరిగే చాలా పెద్ద విషయం ఒకటి బయటపెట్టేస్తారు. అదేంటో నేను చెప్పను, ఆ లిస్టులు మాత్రం చెప్పేస్తాయి.

ఇంకా చెప్పాలంటే బాహుబలినే తీసుకోండి. మొత్తం కథని జరిగిన వరుసలో, అంటే తండ్రి కథ ముందు, కొడుకు కథ తర్వాత పేర్చి చూపించి ఉంటే, 2015 జూలై నుంచి 2017 ఏప్రిల్ దాకా దేశమంతా అడిగిన ఆ కట్టప్ప ప్రశ్న ఎక్కడుండేది? కథ జరిగిన వరుస వేరు, కథ చెప్పే వరుస వేరు. ప్రేక్షకుడికి ఏది ఎప్పుడు తెలియాలో తీసినవాళ్లు లెక్కేసుకుని పెడతారు. మార్వెల్ వాళ్లు ఆ లెక్క రిలీజ్ తేదీలని బట్టే వేసుకున్నారు.

అసలు ఈ సంవత్సరాల లెక్క వాళ్లకే సరిగ్గా రాలేదు, అది వేరే సంగతి. స్పైడర్ మ్యాన్ హోమ్‌కమింగ్ మొదట్లో 2012 అవెంజర్స్‌లోని న్యూయార్క్ యుద్ధం తర్వాతి రోజులు చూపించి, ఆపైన "8 ఏళ్ల తర్వాత" అని వేస్తారు. అంటే 2020 అవ్వాలి. కానీ ఆ కథ జరగాల్సింది సివిల్ వార్ తర్వాత కొన్ని నెలలకే, అంటే 2016లో. అభిమానులు దీనిమీద ఏళ్ల తరబడి కొట్టుకున్నారు. కాబట్టి సంవత్సరాలు పట్టుకుని వేలాడకండి.

ఎండ్‌గేమ్ దాకా నేను చెప్పే లిస్టు

అన్నీ చూస్తే 22 సినిమాలు, దగ్గరదగ్గర 50 గంటలు. ఓపిక ఉంటే చూడండి, కాదనను. ఉద్యోగం, ఇల్లు, పిల్లలు ఉన్నవాళ్లకి మాత్రం 15 చాలు, సుమారు 33 గంటల్లో అయిపోతాయి. వారాంతానికి రెండేసి చొప్పున చూసినా రెండు నెలల్లో తేలిపోయే పని.

మొదటి విడత: ఐరన్ మ్యాన్ (2008), థోర్ (2011), కెప్టెన్ అమెరికా ఫస్ట్ అవెంజర్ (2011), ది అవెంజర్స్ (2012). ఈ నాలుగూ ఇదే వరుసలో చూడండి. ఫస్ట్ అవెంజర్ చివర్లో కథ ఉన్నట్టుండి ఇప్పటి కాలానికి దూకుతుంది, అక్కడినుంచి నేరుగా అవెంజర్స్‌లోకి వెళ్తే బ్రహ్మాండంగా అతుక్కుంటుంది.

రెండో విడత: వింటర్ సోల్జర్ (2014), గార్డియన్స్ ఆఫ్ ద గెలాక్సీ (2014), ఏజ్ ఆఫ్ అల్ట్రాన్ (2015), యాంట్ మ్యాన్ (2015), సివిల్ వార్ (2016). వీటిలో వింటర్ సోల్జర్‌ని రాత్రి నిద్ర కళ్లతో చూడకండి, మొత్తం వరుసలో గట్టి సినిమాల్లో అదొకటి.

మూడో విడత: డాక్టర్ స్ట్రేంజ్ (2016), థోర్ రాగ్నరాక్ (2017), బ్లాక్ పాంథర్ (2018), ఇన్ఫినిటీ వార్ (2018), యాంట్ మ్యాన్ అండ్ ద వాస్ప్ (2018), ఎండ్‌గేమ్ (2019). రాగ్నరాక్ ఎక్కడ ఆగుతుందో ఇన్ఫినిటీ వార్ దాదాపు అక్కడే మొదలవుతుంది కాబట్టి రాగ్నరాక్ మాత్రం వదలొద్దు. ఇన్ఫినిటీ వార్ అయ్యాక మనసు పాడై ఉంటుంది, అప్పుడు యాంట్ మ్యాన్ రెండో భాగం తేలిగ్గా నవ్విస్తుంది. పైగా ఎండ్‌గేమ్ కథ కదలడానికి కావాల్సిన కీలకం అందులోనే ఉంది. దీన్ని ఇన్ఫినిటీ వార్‌కి ముందు మాత్రం పెట్టకండి, చివరి సీన్ మొత్తం పాడుచేస్తుంది.

"ఏజ్ ఆఫ్ అల్ట్రాన్ అంత గొప్పగా లేదంట కదా, వదిలేయొచ్చా" అని చాలామంది అడుగుతారు. వద్దు. కథగా కాస్త గందరగోళమే, ఒప్పుకుంటాను. కానీ అందులో ఒక పార్టీ సీన్ ఉంది. అందరూ తాగి కబుర్లు చెప్పుకుంటూ, బల్లమీద ఉన్న థోర్ సుత్తిని ఎవరు లేపగలరో చూద్దామని పందెం వేసుకుంటారు. ఐరన్ మ్యాన్ టోనీ ఒక చేతికి తన తొడుగు వేసుకుని మరీ లాగుతాడు, కదలదు. తర్వాత కెప్టెన్ అమెరికా చొక్కా చేతులు మడిచి వచ్చి పట్టుకుంటాడు. సుత్తి కొంచెం, కొంచెమే కదులుతుంది. అప్పటిదాకా నవ్వుతూ కూర్చున్న థోర్ మొహం చూడండి, ఒక్క క్షణం మాడిపోతుంది. చూస్తున్నప్పుడు సరదా సీనే. నాలుగేళ్ల తర్వాత ఎండ్‌గేమ్‌లో ఆ సుత్తితోనే ఇంకో సీన్ వస్తుంది, థియేటర్లలో ఈలలతో మోత మోగిన సీన్. పార్టీ సీన్ చూడనివాళ్లకి అది బాగుంది అనిపిస్తుంది, చూసినవాళ్లు కుర్చీలోంచి లేస్తారు. వరుసగా చూడటంలో మనకి దక్కే లాభం ఇదే.

ఏవి వదిలేయొచ్చు, ఏవి తర్వాత కలుపుకోవచ్చు

ఇన్‌క్రెడిబుల్ హల్క్ (2008) ఎండ్‌గేమ్ కోసమైతే అక్కర్లేదు. అందులో హల్క్‌గా చేసింది ఎడ్వర్డ్ నార్టన్, 2012 అవెంజర్స్ నుంచి మార్క్ రఫెలో. ఇలాంటిదే ఇంకోటి, మొదటి ఐరన్ మ్యాన్‌లో టోనీ స్నేహితుడు రోడీ ఒకరు, రెండో భాగం నుంచి వేరొకరు. మా ఇంట్లో లాగే మీ ఇంట్లోనూ "ఇతనెవరు కొత్తగా" అని ఎవరో ఒకరు అడుగుతారు, సినిమా ఆపి చెప్పే పని లేకుండా ముందే చెప్పేయండి.

ఐరన్ మ్యాన్ 2, ఐరన్ మ్యాన్ 3 టోనీ మీద ప్రేమ పుడితే కలుపుకోండి. మూడో భాగం అవెంజర్స్ తర్వాతే చూడాలి, ఆ యుద్ధం తర్వాత టోనీకి పట్టుకున్న టెన్షనే దాని కథ. గార్డియన్స్ రెండో భాగం 2017లో వచ్చినా కథ 2014లోనే, మొదటి భాగం తర్వాత కొన్ని నెలలకే జరుగుతుంది, కాబట్టి మొదటిది నచ్చితే వెంటనే రెండోది వేసుకోండి. టైమ్‌లైన్‌ని నేను ఒప్పుకునేది ఈ ఒక్కచోటే, ఏ ట్విస్టూ పాడవదు.

థోర్ ద డార్క్ వరల్డ్ (2013) గురించి మాత్రం గట్టిగా చెప్పలేని పరిస్థితి. సినిమాగా ఈ మొత్తంలో నీరసమైనవాటిలో ఒకటి. కానీ ఎండ్‌గేమ్‌లో థోర్ తన తల్లితో మాట్లాడే సీన్ ఉంటుంది, దానికి బరువు డార్క్ వరల్డ్ నుంచే వస్తుంది. కాబట్టి బట్టలు మడతపెట్టుకుంటూనో కూరగాయలు తరుగుతూనో ఓ కన్నేసి ఉంచండి, చాలు.

స్పైడర్ మ్యాన్ హోమ్‌కమింగ్ (2017) లిస్టులో పెట్టలేదు, ఎందుకంటే సివిల్ వార్‌లోనే స్పైడర్ మ్యాన్ పీటర్ పరిచయమైపోతాడు. వీలైతే రాగ్నరాక్‌కి ముందు చూడండి, టోనీకీ ఆ కుర్రాడికీ మధ్య బంధం అర్థమైతే చివరి రెండు సినిమాలు ఇంకా గట్టిగా తగులుతాయి. కెప్టెన్ మార్వెల్ అయితే ఇన్ఫినిటీ వార్‌కీ ఎండ్‌గేమ్‌కీ మధ్యలో, వచ్చిన చోటే.

పేర్లు పడుతున్నాయని లేవకండి

మామూలుగా ఒక్కో సినిమాకి రెండు అదనపు సీన్లు ఉంటాయి. మొదట కొన్ని పేర్లు డిజైన్లతో పడ్డాక ఒకటి, మొత్తం పేర్లు అయిపోయాక ఇంకోటి. కథకి పనికొచ్చేది ఎక్కువగా మొదటిదే. ఇన్ఫినిటీ వార్ విలన్ థానోస్ మొట్టమొదట కనిపించింది 2012 అవెంజర్స్‌లో అలాంటి సీన్‌లోనే. అదే సినిమాలో ఆఖరి సీన్ ఏంటంటే, అందరూ అలసిపోయి ఒక్క మాటైనా లేకుండా కూర్చుని తింటుంటారు, అంతే.

ఓటీటీలో ఇంకో తలనొప్పి ఉంది. పేర్లు మొదలవగానే తెర చిన్నదైపోయి తర్వాతి సినిమా అంటూ ఒక డబ్బా వస్తుంది, మీరు రిమోట్ వెతికేలోపు అది మొదలైపోతుంది. ఆటోప్లే ముందే ఆపేసుకోండి. ఎండ్‌గేమ్‌లో మాత్రం చివర సీన్ ఏమీ లేదు, ఇనుము మీద సుత్తి దెబ్బల చప్పుడు వినిపిస్తుంది. మొదటి ఐరన్ మ్యాన్ చూసినవాళ్లకి అదేంటో చెప్పక్కర్లేదు.

భాష, పిల్లలు, ఎక్కడ దొరుకుతాయి

తెలుగులోనా ఇంగ్లిష్‌లోనా అన్నది మీ ఇష్టం, ఇంట్లో పెద్దవాళ్లు, చిన్నపిల్లలు ఉంటే తెలుగే మేలు, డబ్బింగ్ బాగానే ఉంటుంది. ఇన్ఫినిటీ వార్ తెలుగులో థానోస్‌కి గొంతు ఇచ్చింది రానా, అది వినడానికైనా ఒకసారి తెలుగులో చూడొచ్చు. కానీ ఒక సినిమా తెలుగులో, ఇంకోటి ఇంగ్లిష్‌లో మార్చి మార్చి చూడకండి, గొంతులు మారిపోయి ఆ పాత్రతో చనువు తెగిపోతుంది.

చాలావరకు మార్వెల్ సినిమాలు జియోహాట్‌స్టార్‌లో ఉంటాయి. స్పైడర్ మ్యాన్ సినిమాలు సోనీవి కాబట్టి అవి అక్కడే దొరుకుతాయన్న నమ్మకం పెట్టుకోకండి, మొదలుపెట్టే ముందే ఏది ఎక్కడుందో ఒకసారి వెతికి నోట్స్‌లో పక్కన రాసుకుంటే, శనివారం రాత్రి అందరూ కూర్చున్నాక వెతుకులాట ఉండదు. డెడ్‌పూల్, లోగన్ పిల్లలతో కూర్చుని చూసేవి కావు, పేరు పక్కన సూపర్‌హీరో అని ఉందని మోసపోకండి.

ఇంకో మాట. పాత్ర పేరు యూట్యూబ్‌లో వెతక్కండి. సెర్చ్‌లో సగం పేరు కొట్టేసరికే "ఎలా చనిపోయాడు" అని అదే పూర్తి చేస్తుంది.

ఎండ్‌గేమ్ తర్వాత

ఇక్కడినుంచి వరుసకి అంత పట్టింపు లేదు. సిరీస్‌లు కూడా కలవడంతో అన్నీ చూడాలనుకుంటే జీవితం సరిపోదు. ఏ సినిమా చూడాలనుకుంటే దానికి ముందు ఏం కావాలో అది మాత్రం చూసుకోండి.

నో వే హోమ్ (2021) కోసం హోమ్‌కమింగ్, ఫార్ ఫ్రమ్ హోమ్, వాటితోపాటు పాత స్పైడర్ మ్యాన్‌లు కూడా కావాలి. టోబీ మగ్వైర్ చేసిన 2002, 2004 సినిమాలు తప్పనిసరి, ఎందుకంటే ఆ విలన్లే ఇందులోకి వస్తారు. ఆండ్రూ గార్ఫీల్డ్‌వి 2012, 2014లో వచ్చాయి. వాటిని జనం తేలిగ్గా తీసిపారేస్తారు గానీ, 2014 సినిమా చివర్లో జరిగినదానికి నో వే హోమ్‌లో ఒక చిన్న జవాబు ఉంది, ఏడిపిస్తుంది. ఆ రెండూ చూడండి.

డాక్టర్ స్ట్రేంజ్ మల్టీవర్స్ ఆఫ్ మ్యాడ్‌నెస్ (2022) ముందు వాండావిజన్ సిరీస్ చూడకపోతే అవెంజర్స్‌లో ఒకరైన వాండా అలా ఎందుకు చేస్తోందో అర్థం కాదు. 9 ఎపిసోడ్లు, చిన్నవే. ది మార్వెల్స్ (2023) కోసం కెప్టెన్ మార్వెల్ సినిమా, వాండావిజన్, మిస్ మార్వెల్ సిరీస్‌లు, మూడూ కావాలి, ఆ సినిమాకి అంత టైమ్ ఖర్చు పెట్టాలా అన్నది మీరే ఆలోచించుకోండి.

డెడ్‌పూల్ అండ్ వుల్వరిన్ (2024) కి ముందు డెడ్‌పూల్ రెండు భాగాలు, లోగన్ (2017), లోకీ సిరీస్ మొదటి సీజన్ చాలు. లోగన్ తప్పకుండా ముందు చూడాలి, ఎందుకంటే ఈ సినిమా మొదటి సీనే దానిమీద నడుస్తుంది. వుల్వరిన్ ఉన్న పాత ఎక్స్‌మెన్ సినిమాలన్నీ చూడాలా అంటే వద్దు. ఆ వరుస మార్వెల్‌ది కన్నా ఘోరం. ఫస్ట్ క్లాస్ 1962లో జరుగుతుంది, డేస్ ఆఫ్ ఫ్యూచర్ పాస్ట్ 2023 నుంచి 1973కి వెనక్కి వెళ్లి పాత సినిమాల్లో జరిగిందంతా చెరిపేస్తుంది, అక్కడినుంచి ఏది నిజమో ఏది కాదో ఎవరికీ తెలియదు. ఇష్టమైతే 2000లో వచ్చిన మొదటిదాని నుంచి రిలీజ్ ఆర్డర్‌లోనే చూడండి.

కెప్టెన్ అమెరికా బ్రేవ్ న్యూ వరల్డ్ (2025) చూడాలంటే ఫాల్కన్ అండ్ ద వింటర్ సోల్జర్ సిరీస్‌తో పాటు, ఇందాక వదిలేయమన్న 2008 హల్క్ సినిమా కావాలి. అందులోని మనుషుల్ని 17 ఏళ్ల తర్వాత మళ్లీ తీసుకొచ్చారు. థండర్‌బోల్ట్స్ (2025) కి బ్లాక్ విడో, అదే ఫాల్కన్ సిరీస్ ఉంటే సరిపోతుంది, బాగుంది కూడా. దాని చివరి సీన్ ఫెంటాస్టిక్ ఫోర్ ఫస్ట్ స్టెప్స్‌కి దారి తీస్తుంది కాబట్టి ఆ రెండింటినీ వచ్చిన వరుసలోనే పెట్టుకోండి. పాత సినిమాలేవీ చూడని చుట్టమెవరైనా వచ్చి ఇవాళే ఒకటి పెట్టమంటే మాత్రం ఫెంటాస్టిక్ ఫోర్ పెట్టేయండి, అది వేరే లోకంలో 1960ల నాటి వాతావరణంలో జరుగుతుంది, వెనక కథ ఏదీ తెలియక్కర్లేదు.